కుస్కో: ఒక పూట టూరు, మర్నాడు అవే గోడల వెంట నడక

సోమవారం, దిగిన రోజు

పెరూ వెళ్ళొచ్చామని తెలియగానే అందరూ ముందు మాచు పిచ్చు గురించే అడుగుతున్నారు. కుస్కో పేరెత్తితే "రైలెక్కే ఊరే కదా" అంటున్నారు. ఆ మాట విన్నప్పుడల్లా నాకు కష్టంగా ఉంటోంది. స్పెయిన్ వాళ్ళు 1533లో అడుగుపెట్టేనాటికి దక్షిణ అమెరికా పడమటి కొండల పొడుగునా పరుచుకున్న ఇన్కా రాజ్యానికి రాజధాని ఈ ఊరు. ఆ రాజధాని ఎక్కడికీ పోలేదు. చర్చిల కింద, హోటళ్ళ కింద, శాలువాల కొట్ల కింద, గోడల అడుగు వరసల్లో ఇప్పటికీ ఉంది. అది చూడటానికి ఒక పూట గైడు టూరు తీసుకున్నాం. మర్నాడు ఆ గోడల దగ్గరికే మళ్ళీ కాలినడకన వెళ్ళాం. వెళ్ళేవాళ్ళకి నేను చెప్పేది కూడా అదే: ఈ రెండూ కలిపి పెట్టుకోండి.

విమానాశ్రయం ఊరి మధ్యలోనే ఉంది. లోపల టాక్సీవాళ్ళు 40 సోల్స్ అడిగారు. పెట్టెలు లాక్కుంటూ గేటు దాటి రోడ్డు మీదికొస్తే అదే దూరానికి 15కి ఒప్పుకున్నారు. సోల్ అంటే మేం వెళ్ళినప్పుడు అటూ ఇటూగా మన 24 రూపాయలు.

ఊరు 3,400 మీటర్ల ఎత్తున ఉంది, ఇంచుమించు మన లేహ్ అంత. సముద్రం పక్కనున్న లీమా నుంచి గంటన్నర లోపే ఇంత ఎత్తుకి వచ్చి పడతాం. మేం దిగిన పాత ఇంట్లో గది మేడ మీద. సగం మెట్లెక్కేసరికి మావారు గోడకి చేరగిలబడి నిలబడిపోయారు. ఇంటావిడ అరవై దాటిన మనిషి. పాస్‌పోర్టులు తర్వాత చూద్దాం, ముందు కూర్చోండంది. వేడినీళ్ళ గ్లాసుల్లో చిటికెడు చిటికెడు కోకా ఆకులు వేసి తెచ్చింది. ఎండుగడ్డి వాసన, చివర్లో కాస్త చేదు. తలనొప్పి పోలేదు గానీ కడుపులో తిప్పడం తగ్గింది. ఆవిడ వేళ్ళు మడుస్తూ మూడు ముక్కలు చెప్పింది: మెల్లగా నడవాలి, కొంచెమే తినాలి, ఒంటరిగా పడుకోవాలి. మూడోది చెప్పేసి మావారి వంక చూసి పకపకా నవ్వింది. ఆ కొండల్లో కొత్తగా వచ్చినవాళ్ళకి అందరూ చెప్పే మాటే అదట. కోకా ఆకు అక్కడ కిరాణా కొట్లో కూడా దొరుకుతుంది. అమెరికా మీదుగా తిరిగొచ్చేవాళ్ళు మాత్రం అది సంచీలో పెట్టుకోకూడదు, ఆ దేశంలోకి తేవడం నేరం.

సాయంత్రం మెల్లగా ప్లాసా దే అర్మాస్ దాకా నడిచాం. ఊరి నడిబొడ్డున పెద్ద చౌకు అది. ఒకవైపు కథెడ్రల్, ఇంకోవైపు జెసూట్ ఫాదరీల చర్చి, మిగతా చుట్టూ కమానులు, చెక్క బాల్కనీలు. జూన్ నెల కుస్కోకి పండగల నెల, 24న ఇంతి రైమి, సూర్యుడి పండగ. కాలేజీ పిల్లలు అప్పుడే రిహార్సల్స్‌లో ఉన్నారు. ఆడపిల్లలు ట్రాక్ ప్యాంట్ల మీదే కుచ్చిళ్ళ లంగాలు కట్టుకుని గిరగిరా తిరుగుతున్నారు. బ్యాండు తప్పిన చోట మేష్టారు చప్పట్లు కొట్టి మళ్ళీ మొదటికి తెస్తున్నారు. మాకు పది అడుగులకే ఆయాసం వస్తోంటే వాళ్ళు ఆ ఎత్తులో గంటసేపు ఎగురుతూనే ఉన్నారు.

పొద్దు కొండ వెనక్కి వెళ్ళగానే చలి ఒక్కసారిగా దిగింది. మూలమీద తోపుడుబండి దగ్గర జనం మూగి ఉన్నారు. బార్లీ, అవిసెగింజలు, ఏవో ఆకులు కలిపి మరిగించిన చిక్కటి కషాయం, పేరు ఎమోలియెంతే. గ్లాసు 2 సోల్స్. బండావిడ ఒక చెంబు నుంచి ఇంకో చెంబులోకి ఎత్తి పోస్తూ చల్లార్చి, నిమ్మకాయ పిండి ఇచ్చింది. తాగేశాక గ్లాసు వెనక్కి తీసుకుని, అడక్కుండానే ఇంకో సగం పోసింది. అక్కడ అది మర్యాద, డబ్బులేమీ తీసుకోరు.

మంగళవారం పొద్దున, సాన్ పెద్రో మార్కెట్

టూరు మధ్యాహ్నం ఒంటిగంటకి. పొద్దున్నే సాన్ పెద్రో మార్కెట్‌కి వెళ్ళాం. 1925లో కట్టిన పెద్ద రేకుల షెడ్డు. గుమ్మంలోనే జ్యూస్ అంగళ్ళ వరస, ఒక్కో దాంట్లో తెల్ల ఏప్రాన్ కట్టుకున్న ఒక ఆడమనిషి, చుట్టూ గోపురంలా పేర్చిన పళ్ళు. అందరూ ఒకేసారి పిలుస్తారు. ఒకామె దగ్గర కూర్చున్నాక మాత్రం పక్కామె ఇక పిలవదు.

పళ్ళలో చిరిమోయా చూసి ఆగిపోయాను. సీతాఫలానికి సొంత అక్క లాంటి పండు, రెండూ ఒకే జాతివి. తొక్క నున్నగా, పొలుసుల గుర్తులు మాత్రమే ఉంటాయి. గుజ్జు ఎక్కువ, గింజలు తక్కువ. అసలు సీతాఫలమే కాదు, మనం రోజూ వాడే మిరపకాయ, టమాటా, బంగాళాదుంప, వేరుశనగ, మొక్కజొన్న అన్నీ గత ఐదు వందల ఏళ్ళలో అమెరికా ఖండాల నుంచి ఓడలెక్కి వచ్చినవే. అవి లేకుండా మన వంటిల్లు ఇవాళ ఊహించలేను. ఆ మార్కెట్లో నిలబడినప్పుడు, ఎవరికో చెప్పాల్సిన కృతజ్ఞత చెప్పకుండా ఇన్నాళ్ళు గడిపామనిపించింది.

దుంపల వరస ఎంతసేపు చూసినా తనివి తీరలేదు. నల్లవి, ఊదావి, ఎర్రవి, లోపల పువ్వులా గీతలున్నవి, అల్లం కొమ్ములా వంకర్లు తిరిగినవి. పెరూలో మూడు వేలకి పైగా రకాలున్నాయి. ఒక మూల బస్తాలో తెల్లటి సుద్దముక్కల్లాంటివి పోసి ఉన్నాయి. చేత్తో పట్టుకుంటే అసలు బరువే లేదు. అవీ దుంపలే, చూన్యోలో తెల్ల రకం, మొరాయా అంటారు. జూన్, జూలై నెలల్లో కొండల మీద రాత్రిళ్ళు నీళ్ళు గడ్డకట్టే చలికి దుంపల్ని ఆరుబయట పరుస్తారు. పగలు ఎండకి మెత్తబడ్డాక కాళ్ళతో తొక్కి నీరు తీసేస్తారు. ఇలా కొన్ని రోజులు చేసి, పారే నీళ్ళలో నానబెట్టి ఎండబెడితే ఏళ్ళ తరబడి నిలవుంటాయి. ఇన్కాలు తమ గిడ్డంగులు నింపి సైన్యాల్ని నడిపింది వీటితో కూడా. అమ్మే ఆమె రెండు ముక్కలు నా చేతిలో పెట్టి, పులుసులో వేస్తే ఎలా ఉబ్బుతాయో వేళ్ళతో చూపించింది.

భోజనాల వరసలో చెక్క బల్లల మీద అందరూ భుజాలు రాసుకుంటూ కూర్చుంటారు. వచ్చి కూర్చునేవాళ్ళు పక్కవాళ్ళకి నమస్కారం చెబుతారు, లేచి వెళ్ళేటప్పుడు అందరికీ కలిపి "ప్రొవేచో" అంటారు, హాయిగా తినమని. కినువా సూపు, అన్నం, వేయించిన ట్రౌట్ చేప, ఊదారంగు మొక్కజొన్న షర్బత్తు కలిపి 12 సోల్స్. శాకాహారులకి ఒక మాట: అక్కడ మాంసం లేదంటే గొడ్డుమాంసం లేదనే వాళ్ళ లెక్క. కోడి లేకుండా, చారు కూడా కోడి నీళ్ళతో కాకుండా అని విడమరిచి అడగాలి. మార్కెట్లో బతికించేది పెద్దగింజల మొక్కజొన్న పొత్తు. ఉడకబెట్టి, పక్కన మందపాటి చీజ్ ముక్క పెట్టి ఇస్తారు. ఒక్కో గింజ బొటనవేలి గోరంత ఉంటుంది.

మంగళవారం మధ్యాహ్నం, కొరికాంచా

టూరు మనిషికి 35 సోల్స్, అందులో ఏ టికెట్టూ కలవదు. ఊరి పైన కొండ మీద ఉన్న నాలుగు ఇన్కా కట్టడాలకీ కలిపి ఒక రోజు టికెట్టు 70. ఇంకా చాలా చోట్లు చూసే ఉద్దేశం ఉంటే పది రోజుల పెద్ద టికెట్టు 130. కొరికాంచా, కథెడ్రల్ ఈ రెంటిలోనూ రావు, వాటికి విడిగా కొనాలి. ఈ సంగతి బస్సు ఎక్కేదాకా ఎవరూ చెప్పలేదు. మా గుంపులో కొందరు వరసలో నిలబడి డబ్బులు వెతుక్కుంటుంటే ఇరవై నిమిషాలు అక్కడే పోయాయి.

గైడు నలభై ఏళ్ళ మనిషి, పల్లెలో పుట్టి పెరిగాడట, ఇంట్లో ఈ కొండల భాష కెచువా మాట్లాడతాడు. ప్రతి సంగతీ ముందు స్పానిష్‌లో, తర్వాత ఇంగ్లీషులో చెప్పాలి. అందుకని దేన్నీ సాగదీయలేదు. గుమ్మంలోనే ఒక మాట అన్నాడు: "అందరూ తలెత్తి పైకి చూస్తారు. ఈ ఊళ్ళో తల దించి గోడ అడుగు చూడండి."

కొరికాంచా ఇన్కాల సూర్యాలయం. గోడలకి బంగారు రేకులు తాపడం చేసి ఉండేవి. చెరలో ఉన్న రాజు అతావాల్పాని విడిపించడానికి బంగారం పోగు చేసేటప్పుడే స్పెయిన్ దండు నాయకుడు పిజారో మనుషులు ముందుగా వచ్చి ఆ రేకులు ఊడబీక్కుపోయారు. బంగారం ముట్టినా రాజుని వదల్లేదు, చంపేశారు. గుడి డొమినికన్ సన్యాసులకి దక్కింది. వాళ్ళు ఈ గోడల మీదే సాంతో దొమింగో చర్చి, మఠం కట్టుకున్నారు. 1650లో పెద్ద భూకంపం వచ్చింది, మళ్ళీ 1950 మే 21న వచ్చింది. రెండోసారి మఠం చాలా భాగం కూలిపోయింది. కూలిన సున్నం గోడల వెనక నుంచి ఇన్కా గదులు బయటపడ్డాయి.

ఆ గోడ దగ్గరగా చూడాలి. ముదురు బూడిద రంగు రాయి. రాయికీ రాయికీ మధ్య సున్నం లేదు, మట్టి లేదు, గోరు దూరే సందు లేదు. ప్రతి రాయి అంచూ కొద్దిగా లోపలికి చెక్కి ఉంది. మధ్యాహ్నపు ఏటవాలు ఎండ పడినప్పుడు ఆ కీళ్ళ వెంట సన్నటి నీడ గీత నడుస్తుంది. గోడ నిట్టనిలువుగా లేదు, పైకి పోయేకొద్దీ లోపలికి వాలుతుంది. గుమ్మాలు, గూళ్ళు కింద వెడల్పు, పైన ఇరుకు. భూమి కదిలినప్పుడు రాళ్ళు కదిలి మళ్ళీ తమ చోటికి సర్దుకునే ఏర్పాటు ఇది. ఇనుప పనిముట్లు లేవు, బండిచక్రం వాడలేదు. గట్టి గుండ్రాళ్ళతో కొట్టి కొట్టి, ఒక రాయి మీద ఇంకోటి ఎత్తి చూసి, మళ్ళీ దించి చెక్కి అమర్చారు.

అక్కడే వెనక నుంచి "ఏమ్మా, తెలుగువాళ్ళేనా?" అని వినబడింది. తిరిగి చూస్తే స్వెటర్ మీద చీర కొంగు బిగించి కట్టిన పెద్దావిడ, పక్కన మంకీ క్యాప్‌లో పెద్దాయన. తెనాలి వాళ్ళట. హూస్టన్‌లో కొడుకు దగ్గరికి వస్తే అతను సెలవు పెట్టి ఇక్కడికి తీసుకొచ్చాడు. ఆ నిమిషం నుంచి వాళ్ళు మాకు పిన్నిగారూ, బాబాయిగారూ అయిపోయారు. ఆవిడ గోడ మీద అరచెయ్యి ఆనించబోతే కాపలా మనిషి ఈల ఊదాడు. చెయ్యి వెనక్కి తీసుకుని ఆ గోడకే దణ్ణం పెట్టింది. కాపలా మనిషి మళ్ళీ ఏమీ అనలేదు.

లోపల ఒక గదిలో ఆకాశగంగ బొమ్మ ఉంది. మనం చుక్కల్ని కలిపి బొమ్మలు చూస్తాం. ఇన్కాలు చుక్కల మధ్య నల్లగా ఉండే ఖాళీల్లో చూశారు: ఒంటెకి చుట్టమైన ఒక లామా, దాని పిల్ల, పాము, కప్ప. గైడు వేలితో లామా మెడ గీసి చూపించాక ఇక వేరేగా చూడలేకపోయాను. ఈ గుడి నుంచి నాలుగు వైపులకీ నలభైకి పైగా ఊహారేఖలు సాగేవి. వాటి వెంట ఊటలు, బండలు, మలుపులు కలిపి మూడు వందల పైచిలుకు పూజాస్థలాలు ఉండేవని 17వ శతాబ్దంలో బెర్నబే కోబో అనే జెసూట్ రాసిపెట్టాడు. ఇంకా వినాలని ఉంది. డ్రైవరు ఫోన్ చేశాడు, బయల్దేరాలి.

మంగళవారం సాయంత్రం, ఊరి పైన

బస్సు మలుపులు తిరుగుతూ సక్సాయ్‌వమాన్ కోట చేరింది. ఊరి ఆకారం ప్యూమా పులి అయితే ఇది దాని తల అని గైడు చెప్పాడు. పచ్చిక మైదానం పక్కన మూడు అంచెల గోడలు, రంపం పళ్ళలా లోపలికీ బయటికీ మడత పడుతూ దాదాపు 400 మీటర్లు సాగుతాయి. అడుగు వరస రాళ్ళు సున్నపురాయి. అన్నిటికన్నా పెద్దది వంద టన్నులు దాటుతుందని అంచనా. ఫొటోలో ఈ కొలత తెలియదు. బాబాయిగారు ఆ రాయి పక్కన నిలబడితే ఆయన తల దాని నడుం దాకా కూడా రాలేదు.

1536లో మాంకో ఇన్కా అనే రాజు తిరగబడి కుస్కోని ముట్టడించింది ఇక్కడి నుంచే. కోట తిరిగి పట్టుకోవడానికి వచ్చిన హువాన్ పిజారో, ఫ్రాన్సిస్కో పిజారో తమ్ముడు, తలకి రాయి తగిలి చచ్చిపోయాడు. చివరికి కోట స్పెయిన్ వాళ్ళదే అయింది. శవాల మీదికి కాండర్ పక్షులు దిగాయి. ఆ తర్వాత కుస్కోకి ఇచ్చిన రాజముద్రలో కోట చుట్టూ కాండర్లని పెట్టారు. యుద్ధం అయిపోయాక కోటని క్వారీ చేసుకున్నారు. కదిలించగలిగిన ప్రతి రాయీ కిందికి దొర్లించి చర్చిలకీ ఇళ్ళకీ వాడుకున్నారు. ఇప్పుడు మనకి కనబడేది వాళ్ళ వల్ల కాక వదిలేసింది. గైడు ఇది చెప్పేటప్పుడు గొంతు పెంచలేదు. అందరూ నిశ్శబ్దంగా విన్నారు.

అప్పుడతను జేబులోంచి చిన్న సంచీ తీశాడు. చిరగని కోకా ఆకులు మూడు ఏరి, వేళ్ళ మధ్య విసనకర్రలా పట్టుకుని, తూర్పున మంచుతో మెరుస్తున్న అవుసంగాతే కొండ వైపు తిరిగి మెల్లగా ఊదాడు. 6,384 మీటర్ల ఆ కొండ వాళ్ళకి దేవుడు. మాక్కూడా తలా మూడు ఇచ్చాడు. పిన్నిగారు చెప్పులు విప్పి మరీ ఊదింది. గైడు ఆవిడకి తలవంచి నమస్కరించాడు.

మిగతావి గబగబా అయిపోయాయి. తంబోమచాయ్‌లో మెట్లు మెట్లుగా కట్టిన గోడలోంచి నీళ్ళు ఒక ధారగా వచ్చి, కింద రెండు సమాన ధారలుగా చీలి పడతాయి. ఐదు వందల ఏళ్ళుగా ఎండాకాలంలోనూ ఆగలేదట. దారి పొడుగునా ఆడవాళ్ళు, లామాలాగే ఉండే అల్పాకా పిల్లలకి ఎర్ర కుచ్చులు కట్టి ఫొటోలకి నిలబడతారు. ముందు అడిగి, 5 సోల్స్ ఇచ్చి తీసుకోవాలి. మా బస్సులో ఒకాయన దూరం నుంచి దొంగగా తీసి వెళ్ళిపోయాడు, చూడటానికి నాకు బాగాలేదు. పుకా పుకారా అనే చిన్న కోట దగ్గర పది నిమిషాలు. కెన్‌కో చేరేసరికి వెలుగు పోతోంది. పెద్ద బండని లోపలికి తొలిచి చేసిన ఇరుకు దారి, మధ్యలో నున్నటి రాతి బల్ల. చెయ్యి దగ్గరగా పెడితే ఫ్రిజ్ తలుపు తీసినంత చల్లదనం. రాజుల శవాల్ని ఇక్కడే సిద్ధం చేసేవారని గైడు చెప్పాడు.

ఈ చోట్లన్నిటికన్నా ఎక్కువసేపు ఆపింది ఆఖర్న ఒక ఉన్ని దుస్తుల కొట్లో. నలభై నిమిషాలు. అసలు అల్పాకా చల్లగా తగులుతుందని, నకిలీది వెచ్చగా ఉంటుందని చెబుతూ శాలువాలు భుజాల మీద కప్పుతూనే ఉన్నారు. ఆ సమయం కొరికాంచాకి ఇచ్చి ఉంటే ఎంత బాగుండేది. గైడుకి విడిగా 20 సోల్స్ ఇచ్చాం. ఆయన చెప్పినదానికి అది చాలా తక్కువ.

బుధవారం, కాలినడకన

కథెడ్రల్ తెరిచేసరికి వెళ్ళాం. వీరకోచా అనే ఇన్కా రాజు మహలు ఉన్నచోట 1560 ప్రాంతంలో మొదలుపెట్టి దాదాపు వందేళ్ళు కట్టారు. రాళ్ళు ఎక్కడివో నిన్న చూసొచ్చాం కాబట్టి గోడలవైపు చూసే చూపే మారిపోయింది. లోపల ఫొటోలు తియ్యనివ్వరు, అదే మంచిది. మార్కోస్ సపాతా 1753లో వేసిన ప్రభువు రాత్రి భోజనం బొమ్మ ముందు చాలాసేపు నిలబడ్డాం. బల్ల మధ్యలో పళ్ళెంలో కాళ్ళు పైకెత్తి పడుకున్న గినీపంది, చుట్టూ ఇక్కడి పళ్ళు. దేవుడి కథని తమ బల్ల మీదికి తెచ్చుకున్నారు.

ఇంకో పక్క భూకంపాల ప్రభువు, నల్లబడ్డ క్రీస్తు విగ్రహం. 1650 భూకంపంలో దీన్ని వీధిలోకి తెస్తే కంపనలు ఆగాయని నమ్మకం. ఏటా ఈస్టర్ ముందు సోమవారం ఊరేగిస్తారు, జనం ఎర్రటి న్యుక్చు పూలు చల్లుతారు. కొవ్వొత్తుల పొగకి తరాల తరబడి నల్లబడింది. ఒక ముసలాయన టోపీ చంకలో పెట్టుకుని, దేవుడితో కెచువాలో మామూలు మాటల్లా ఏదో చెప్పుకుంటున్నాడు. ఇంటి సంగతులు చెబుతున్నట్టే ఉంది ఆ గొంతు.

బయట చౌకులో నిలబడి గైడు చెప్పింది గుర్తు చేసుకున్నాం. 1572లో చివరి ఇన్కా తూపాక్ అమారు తల నరికింది ఇక్కడే. ఆయన పేరు పెట్టుకుని తిరగబడిన రెండో తూపాక్ అమారుని 1781 మే 18న ఇక్కడే చంపారు. ముందు ఆయన కళ్ళెదుటే భార్య మికాయెలా బస్తిదాస్‌ని చంపారు. సోమవారం సాయంత్రం పిల్లలు నాట్యం చేసింది ఆ రాళ్ళ మీదే.

హతున్‌రూమియోక్ సందులో పన్నెండు మూలల రాయి ఉంది. ఇన్కా రోకా అనే రాజు మహలు గోడ, పైన ఆర్చిబిషప్ భవనం. ఆకుపచ్చ ఛాయ ఉన్న రాయి, చుట్టూ ఉన్న రాళ్ళన్నీ దాని మూలల్లోకి ఒదిగిపోయి ఉంటాయి. తాకితే కేకలేస్తారు. ఫొటో తీసుకుని అందరూ వెళ్ళిపోతున్నారు. ఎదురుగా మెట్టు మీద కూర్చుని మూలలు ఒక్కోటీ లెక్కపెట్టాను. ఆ వరసలో ఏ రాయి కూడా ఇంకో రాయిలా లేదు. ఒకే అచ్చు మీద చేయడం వాళ్ళకి చేతకాక కాదు, కొరికాంచాలో ఆ పనీ చేసి చూపించారు. ఇక్కడ మాత్రం ఏ రాయి ఎలా వస్తే దానికి తగ్గట్టు పక్కరాయిని మలిచారు. పక్క సందులో ఇద్దరు కుర్రాళ్ళు రాళ్ళ కూర్పులో ప్యూమా ఆకారం చూపించి 2 సోల్స్ అడుగుతారు. ఇవ్వండి, నిజంగానే కనబడుతుంది.

సాన్ బ్లాస్ చర్చి చూశాం. లోపల చెక్కలో చెక్కిన ప్రసంగ వేదిక ఒక్కదాని కోసమైనా వెళ్ళాలి. అక్కణ్ణించి పైకి ఇంకో వీధి ఉన్నట్టు మ్యాపులో ఉంది. తీరా చూస్తే అది వీధి కాదు, ఇళ్ళ మధ్య నుంచి పోయే మెట్లు. పైకెక్కితే దారి తెగిపోయింది. తిరిగి దిగుతూ ఎడమకి మళ్ళాం, అక్కడ నీలం తలుపు మీద కర్రకి ఎర్ర ప్లాస్టిక్ సంచీ కట్టి ఉంది. ఆ గుర్తు ఉన్న ఇంట్లో చిచా దొరుకుతుంది. మొలకెత్తిన మొక్కజొన్నతో ఇంట్లోనే పులియబెట్టే పానీయం.

లోపల మట్టినేల, రెండు బల్లలు. పెద్ద గాజుగ్లాసు 3 సోల్స్. పుల్లగా, పైన నురగ, మజ్జిగకీ గంజికీ మధ్య రుచి. పక్కబల్ల ముసలాయన గ్లాసు ఎత్తి, మొదటి గుక్క నేలమీద ఒంపి అప్పుడు తాగాడు. మేమూ అలాగే చేశాం. ఆయన తలూపి, తన పళ్ళెంలోని వేయించిన మొక్కజొన్న గింజలు మావైపు జరిపాడు.

ఇంటావిడ మూలన పలకరాయి ముందు మోకాళ్ళ మీద కూర్చుని ఉంది. రెండు చేతులా ఒక గుండ్రాయిని ఊయలలా అటూ ఇటూ ఊపుతూ నూరుతోంది. రొకోతో మిరపకాయలు, నల్లగింజలవి, విపరీతమైన కారం. వేయించిన పల్లీలు, ఉప్పు, కాస్త చీజ్, ఆపైన వకతాయ్ అనే ఆకు. అది బంతి జాతి మొక్క, నలిపితే బంతాకు వాసనే. ఇవన్నీ కలిపి నూరిన ఆ పచ్చడి పేరు ఉచుకుతా. ఉడికించిన దుంపకి రాసుకుని తిన్నాం. మావారు కళ్ళు తుడుచుకుంటూ ఇంకో దుంప అడిగారు. ఆవిడ మా ముఖాలు చూసి, ఇంత కారం తినే పరాయి దేశంవాళ్ళని చూడలేదంటూ ఇంకో చెంచా పెట్టింది. దుంపలు, పచ్చడి, రెండు చిచాలు కలిపి 14 సోల్స్.

గురువారం, బయల్దేరుతూ

పావితోస్ వీధిలో వ్యాన్‌లు నిండితే బయల్దేరతాయి. మాచు పిచ్చు దారిలో ఉన్న ఊరు ఒయాంతాయ్‌తాంబోకి మనిషికి 15 సోల్స్. చివరి సీటు నిండేదాకా కూర్చున్నాం. ఈలోగా పిన్నిగారి దగ్గర్నుంచి ఫోన్ వచ్చింది. వాళ్ళకి సాయంత్రం దాకా విమానం లేదు. కొడుకుని మళ్ళీ కొరికాంచాకి తీసుకెళ్ళమన్నారట, ఈసారి ఎవరూ తరమకుండా రెండు గంటలు కూర్చున్నారు. "అమ్మాయ్, ఇక్కడ నేను తినగలిగిందేదీ దొరకలేదే, నాలుక చచ్చిపోయింది" అంది.

దారి చెప్పాను: సాన్ బ్లాస్ చర్చి పక్క మెట్లు, పైదాకా ఎక్కకండి, బాబాయిగారికి ఆయాసం వస్తుంది, సగంలో ఎడమకి తిరగండి, నీలం తలుపు, ఎర్ర సంచీ. దుంపలు, పచ్చడి మాత్రమే అడగండి, సూపు వద్దు, అందులో కోడి ఉంటుంది. పచ్చడిలో చీజ్ వేస్తుంది, వద్దనుకుంటే నూరకముందే చెప్పండి. రెండు దాటితే ఉండదు, తొందరగా వెళ్ళండి.